లంకలో ఏకాంతం: మా లఘుచిత్రం తొలి కూర్పుపై మీ విమర్శ కావాలి

ఇసుకతిన్నె (శనివారం, రాత్రి 9:40)

అందరికీ నమస్కారం. మొన్న ఆషాఢ శ్రావణ మాసాల్లో గోదావరి వశిష్ఠ పాయ మధ్యనున్న ఒక చిన్న లంకలో మేము నలుగురు మిత్రులం కలిసి తీసిన లఘుచిత్రం తొలి కూర్పును నిన్న సభ్యులందరికీ పంపాను. నిడివి 24 నిమిషాలు. ఇంకా పేరు పెట్టలేదు. చూడని వారి కోసం కథ క్లుప్తంగా చెబుతాను. నలభై ఏళ్లు దాటిన ఒక ఉద్యోగి, తండ్రి సంవత్సరీకాలు ముగిసిన మర్నాడు, ఎవరికీ చెప్పకుండా ఏటిగట్టు దిగి, పడవెక్కి, లంకలో పొగాకు రైతులు వదిలేసిన ఒక తాటాకు పాకలో చేరతాడు. మౌనం పాటిస్తాడు. జపం చేయబోతే మనసు నిలవదు, మానేయబోతే భయం వేస్తుంది. దేవుణ్ణి వెతుకుతున్నాడో, తండ్రిని వెతుకుతున్నాడో అతనికే తెలియదు. చివరికి ఒక రాత్రి వరద వస్తుంది. మోకాటి లోతు నీటిలో అతను కదలకుండా నిలబడి ఉండగా తెర చీకటవుతుంది.

సినిమా మొత్తంలో మాటలు మూడే. నాకు రెండు సందేహాలున్నాయి. అతని అన్వేషణ మీకు నిజమనిపించిందా, లేక గడ్డం పెంచిన మనిషి నది వంక చూస్తూ కూర్చున్నట్టే ఉందా? రెండోది, ఆ నిశ్శబ్దం ఎక్కడైనా విసుగు పుట్టించిందా? మొహమాటం లేకుండా రాయండి. చిత్రోత్సవాల పోటీలకు పంపేముందు సరిదిద్దుకునే వ్యవధి ఉంది.

శబ్దగ్రాహి (శనివారం, రాత్రి 11:15)

రెండుసార్లు చూశాను, రెండోసారి కళ్లు మూసుకుని విన్నాను. మీ రెండో సందేహానికి నా జవాబు ఏమిటంటే, మీ సినిమాలో విసుగు పుట్టించేది నిశ్శబ్దం కాదు, నిశ్శబ్దం లేకపోవడం. నాలుగో నిమిషం నుంచి దాదాపు చివరిదాకా నది జలజల పారుతున్న శబ్దం వినిపిస్తూనే ఉంది. అది ఎక్కడో కొండవాగు దగ్గర పట్టిన శబ్దమని, దాన్ని తెచ్చి అతికించారని నా అనుమానం. ధవళేశ్వరం దాటాక గోదావరికి జలజలలు ఉండవు. అడుగున రాళ్లు లేవు, వాలు లేదు, ఇసుక మీద మైళ్ల వెడల్పున మౌనంగా జారిపోతుంది. గట్టు కోసుకుపోయి మట్టిపెళ్ల విరిగి పడినప్పుడు ధబ్బుమనడం తప్ప అది నోరు విప్పదు.

అసలు లంకలో రాత్రిపూట ఏం వినిపిస్తుందో మీకు నాకంటే బాగా తెలుసు. కీచురాళ్లు, అవతలి గట్టు మీద మోటారు సైకిలు, తెల్లవారకముందే ఒక ఊరి గుడి మైకు, మరో ఊరి మసీదు మైకు, ఆదివారమైతే చర్చి పాటలు. నీటి మీద శబ్దం ఎంత దూరమైనా వస్తుంది. ప్రపంచాన్ని వదిలి వచ్చాననుకున్న మనిషికి అవతలి గట్టు మాటలన్నీ వినిపిస్తూ, తన మాట మాత్రం ఎవరికీ వినపడకపోవడం కంటే పెద్ద ఒంటరితనం ఏముంటుంది? దాన్ని మీరు చేజేతులా తుడిచేశారు.

కొబ్బరిపీచు (ఆదివారం, ఉదయం 6:05)

నాకు సినిమా సంగతులు అంతగా తెలియవు కానీ లంకలో మూడెకరాల అరటి ఉంది కనుక నా హద్దులో నేను మాట్లాడతాను. పదకొండో నిమిషంలో ఏటికి కొత్త వరద ఎర్రనీరు వచ్చినట్టు చూపించారు, అంటే ఆషాఢం. అదే వరుసలో మూడు షాట్ల తర్వాత కథానాయకుడి వెనక రెల్లు తెల్లగా పూసి ఊగుతోంది. రెల్లు పూసేది వానలు వెనకబట్టాక, దసరా రోజుల్లో. అది తర్వాత తీసి ఇక్కడ అతికించిన షాటని మా పాలేరు కుర్రవాడు కూడా కనిపెట్టాడు. పోటీల న్యాయనిర్ణేతలకు తెలియకపోవచ్చు, కోనసీమలో చూసేవాళ్లు మాత్రం ఆ తర్వాత కథ వినరు, ఇంకేం తప్పులున్నాయో వెతుకుతారు.

ఇంకొక మాట. ఎర్రనీటి రోజుల్లో లంకలో ఉన్నవాడికి వైరాగ్యానికి అసలు పరీక్ష పులస చేప. పక్క పాకలో పులుసు మరుగుతుంటే కళ్లు మూసుకుని కూర్చోగలిగితే అతనికి నేను కూడా దణ్ణం పెడతాను.

ఇసుకతిన్నె (ఆదివారం, ఉదయం 8:30)

శబ్దగ్రాహి గారి అనుమానం నిజమే. మేము పట్టిన శబ్దంలో గాలి ఎక్కువగా పడటంతో ఒక శబ్దభాండారం నుంచి ఆ ప్రవాహాన్ని తెచ్చుకున్నాం. తీసేస్తాను. రెల్లు షాటు కూడా తర్వాత తీసినదే. అందంగా ఉందని మనసొప్పక ఉంచేశాను, దొరికిపోయాను.

అయితే ముగింపులో వరద అర్ధరాత్రి హఠాత్తుగా రావడాన్ని మాత్రం నేను సమర్థించుకుంటాను. అతను అడిగిన ప్రశ్నకు జవాబు అతను కోరిన రూపంలో కాకుండా నీటి రూపంలో, చెప్పాపెట్టకుండా రావాలన్నది నా ఆలోచన.

కొబ్బరిపీచు (ఆదివారం, ఉదయం 9:10)

బాబూ, మన వరద చెప్పాపెట్టకుండా రాదు. అదే మన వరదకీ కొండవాగు పొంగుకీ తేడా. భద్రాచలం దగ్గర పెరిగిన నీరు ధవళేశ్వరం చేరడానికి దాదాపు ఒక రోజు తీసుకుంటుంది. బ్యారేజీ దగ్గర నీటిమట్టం 11.75 అడుగులకు చేరితే మొదటి హెచ్చరిక, 13.75కు రెండోది, 17.75కు మూడోది. లంకల్లో పసిపిల్లలకు కూడా ఈ అంకెలు నోటికి వచ్చు. మొదటి హెచ్చరికకే పశువులను గట్టెక్కిస్తాం. రెండోదానికి బియ్యం, కాగితాలు, గ్యాసు బండ పడవెక్కుతాయి. మైకు పట్టుకుని రెవెన్యూ వాళ్లు తిరుగుతారు. 2022 జూలైలో భద్రాచలం దగ్గర 71 అడుగులు దాటినప్పుడు మా ఇల్లు మేము వదిలి రెండు రోజుల తర్వాత గానీ నీరు గడప ఎక్కలేదు. 1986 ఆగస్టులో అక్కడే 75 అడుగులు దాటిన వరదను మా నాన్న చూశాడు. ఆయన చెప్పేది కూడా నీటి వేగం గురించి కాదు, నీటి కోసం ఎదురుచూడటం గురించే. సాయంత్రం ఒక పుల్ల గుచ్చి, గంటకోసారి లాంతరు పట్టుకుని వెళ్లి అది ఎంత మునిగిందో చూసి వచ్చేవారట.

కనుక మీ మనిషి మునగడం ప్రమాదం కాదు. మూడు హెచ్చరికలూ విని కదలకుండా కూర్చున్నాడన్నమాట. అది మీకు తెలిసే తీశారా?

గౌతమితీరం (ఆదివారం, మధ్యాహ్నం 3:20)

కొబ్బరిపీచు గారి ప్రశ్న నన్ను మధ్యాహ్నం నిద్రపోనివ్వలేదు. నేను ముప్పై ఏళ్లకు పైగా తెలుగు చెప్పి విశ్రాంతి తీసుకున్నవాణ్ణి. సినిమా గురించి కాకుండా, ఆ సినిమాలో మనిషి వెతుకుతున్న దాని గురించి నాకు తెలిసింది చెబుతాను.

భగవద్గీత ఆరో అధ్యాయంలో యోగి రహస్య ప్రదేశంలో ఏకాకిగా ఉండాలని ఉంది. మీ కథానాయకుడు అంతవరకే చదివినట్టున్నాడు. అదే అధ్యాయంలో కొంచెం ముందుకు పోతే, అతిగా తినేవాడికీ, అసలే తిననివాడికీ యోగం సిద్ధించదని కూడా ఉంది. అంటే ఏకాకి అయినా అన్నం మాట వదిలిపెట్టలేదు. సన్యాసులకు ఆషాఢ పౌర్ణమి నుంచి చాతుర్మాస్యం విధించారు. తక్కిన రోజుల్లో ఒకచోట నిలవకుండా తిరిగేవాడు వానాకాలంలో మాత్రం ఒక ఊరిని ఆశ్రయించి ఉండాలి. కాలి కింద పడి పురుగూ పుట్రా చావకూడదన్నది చెప్పే కారణం. ఏరులు పొంగే రోజుల్లో దారులు ఉండవన్నది చెప్పకపోయినా తెలిసే కారణం. మీ మనిషి సరిగ్గా అదే ఆషాఢంలో, సన్యాసులు సైతం ఊరు చేరే రోజుల్లో, ఊరు విడిచి లంకకు పోయాడు. అతనికి సంప్రదాయం తెలియదనడానికి ఇంతకంటే మంచి సూచన లేదు. దాన్ని లోపం అనను, వాడుకోండి అంటాను.

ఇక ఏకాంతానికి లంకే కావాలా అన్నది వేరే ప్రశ్న. ముమ్మిడివరం బాలయోగి గారి సంగతి మన జిల్లాల్లో తెలియనివారు లేరు. 1940లలో, ఇంకా కుర్రతనంలోనే మౌనంలోకి వెళ్లి, 1985లో సమాధి చెందేదాకా ఆయన అడవికి పోలేదు, హిమాలయానికి పోలేదు. సొంత ఊళ్లోనే తలుపు మూసుకున్నారు. ఏటా మహాశివరాత్రి నాడు మాత్రం దర్శనం. మా నాయనమ్మ ఎడ్లబండి మీద వెళ్లి వచ్చింది. ఏం చూశావని అడిగితే, "జనాన్ని చూశానురా, ఆయన్ని రెప్పపాటు చూశాను" అంది. ఏడాదంతా ఆ మూసిన తలుపుకు ఇవతల ఒక ఊరు ఊరంతా మేలుకుని ఉంది. ఒంటరితనం చుట్టూ ఎంతమంది మనుషులు కావలసి వస్తారో నాకు అప్పుడు అర్థం కాలేదు, మీ సినిమా చూశాక ఆ మాట గుర్తుకొచ్చింది.

పంటురేవు (ఆదివారం, సాయంత్రం 6:45)

మాస్టారి చివరి వాక్యం పట్టుకుని నేను ఒక చిన్న లెక్క అడుగుతాను. తొమ్మిదో నిమిషంలో అతను కుండలో గంజి వార్చుతున్నాడు. పదిహేనో నిమిషంలో మళ్లీ అన్నం ఉడుకుతోంది. అతను లంకకు వచ్చినప్పుడు చేతిలో ఒక గుడ్డసంచీ మాత్రమే ఉంది. ఆ బియ్యం ఎవరివి? అగ్గిపెట్టె ఎవరిది? తాగేనీరు ఎక్కడిది? ఎర్రనీరు వచ్చాక ఏటినీరు ఇండుపగింజ అరగదీసి వేసి, తేరిన తర్వాత గానీ తాగలేం.

నేను చిన్నప్పుడు సఖినేటిపల్లి రేవులో పంటు మీద అవతల నర్సాపురానికి చదువుకోవడానికి వెళ్లేవాణ్ణి. పాయ దాటిన ప్రతి మనిషి వెనకా దాటించినవాడు ఒకడు ఉంటాడన్న సంగతి మాకు రోజూ కనిపించేది. మీ సినిమాలో కథానాయకుడు పడవెక్కుతాడు, పడవ దిగుతాడు. పడవ నడిపిన వాడి ముఖం మాత్రం ఒక్క షాటులోనూ లేదు. గెడ పట్టుకున్న రెండు చేతులు మాత్రమే ఉన్నాయి. అది కావాలని చేసిందా?

ఇసుకతిన్నె (ఆదివారం, రాత్రి 10:30)

ఈ ప్రశ్న వస్తుందని భయపడుతూనే ఉన్నాను. కావాలని చేసిందే. ఇంకా చెప్పాలంటే, తీసి తర్వాత కోసేసింది.

మేము రాసుకున్న స్క్రిప్టులో పడవతను లేడు. చిత్రీకరణ పదకొండు రోజులూ మమ్మల్ని, మా సామాన్లను, మా భోజనాలను అటూ ఇటూ చేరవేసింది ఒక పెద్దాయన. ఆయన మూడో రోజున, కెమెరా నడుస్తుండగా, ఇది సినిమా అన్న సంగతి మరిచిపోయి, మా నటుడికి నిజంగానే ఒక సంచిలో బియ్యం, రెండు అరటికాయలు, ఉప్పు పొట్లం తెచ్చి పాక ముందు పెట్టి, ఏమీ మాట్లాడకుండా వెళ్లిపోయారు. నటుడు పాత్రలో ఉండి తల ఎత్తలేదు. ఆ తర్వాత రెండు రోజులకొకసారి అలాగే తెచ్చారు, మేమూ తీస్తూ పోయాం. మొత్తం నాలుగు నిమిషాలు. ఎడిటింగ్‌లో చూస్తే ఆయన వచ్చిన ప్రతిసారీ నా కథానాయకుడి ఒంటరితనం కరిగిపోతున్నట్టు అనిపించింది. పైగా ఆయనది ఇంజను పడవ. ఆ మోటారు మోత నా నిశ్శబ్దాన్ని పాడు చేసింది. అందుకని ఆ నాలుగు నిమిషాలూ తీసేసి, దాటే షాటు కోసం వేరే నాటుపడవ అద్దెకు తెచ్చి, గెడ వేసే చేతులు తీశాను. ఈ మాట రాస్తుంటే సిగ్గుగా ఉంది. బియ్యం తెచ్చిన మనిషిని తీసేసి, బియ్యాన్ని ఉంచాను.

మల్లెపందిరి (సోమవారం, ఉదయం 5:50)

మూడేళ్ల క్రితం నేను పది రోజుల విపశ్యన మౌనధ్యాన శిబిరంలో ఉన్నాను. తెల్లవారుజామున నాలుగింటికి గంట, ఫోను ఉండదు, పుస్తకం ఉండదు, ఎదుటివారి కళ్లలోకి చూడటం కూడా వద్దంటారు. అందువల్ల మీ మొదటి సందేహానికి కొంత అనుభవంతో జవాబివ్వగలను.

మీ కథానాయకుడి ముఖం ఆరో నిమిషానికే ప్రశాంతంగా తయారైంది. అది నమ్మలేకపోయాను. నాకు మూడో రోజున దొరికింది శాంతి కాదు, మా ఆడపడుచుతో పదేళ్ల నాటి ఒక గొడవ. ఆమె ఏమంది, నేనేమన్నాను, నేను అనవలసింది ఏమిటి, ఇదే రోజంతా. దేవుడి దాకా పోవాలంటే ముందు ఆ వీధి దాటాలి. మీ మనిషికి తండ్రితో ఏం బాకీ ఉంది? సంవత్సరీకాల మర్నాడు వచ్చాడన్న ఒక్క మాటతో వదిలేశారు. అతను జపం మధ్యలో పళ్లు కొరుక్కోవాలి, తనలో తాను వాదించుకోవాలి, ఒక పూట ఊరకే ఏడవాలి, ఇంకో పూట తిండి గురించి తప్ప మరేమీ ఆలోచించలేకపోవాలి.

పడవ పెద్దాయన గురించి. శిబిరంలో మాకు వండి పెట్టిన వారు జీతగాళ్లు కారు. అంతకుముందు అక్కడే కూర్చుని వెళ్లిన పాత సాధకులే సేవకు వస్తారు. వాళ్లతో కూడా మాట్లాడకూడదు. ఏడో రోజున ఒకామె నా కంచంలో అడగకుండానే ఇంకొంచెం పెరుగు వేసింది. పది రోజుల్లో నాకు కళ్ల నీళ్లు వచ్చింది ధ్యానంలో కాదు, అప్పుడు. ఆమె వల్ల నా ఏకాంతం కరగలేదు; నేను ఏకాంతంలో ఉన్నానని అప్పుడే తెలిసింది.

ఇంకొక ప్రశ్న, దీనికి జవాబు అక్కర్లేదు. ఇతని భార్య ఫోను తెర మీద పేరుగా మాత్రమే కనిపిస్తుంది. ఇదే పని ఆమె చేసి ఉంటే దాన్ని అన్వేషణ అనేవారా, ఇల్లు వదిలి పోయింది అనేవారా?

దీపస్తంభం (సోమవారం, మధ్యాహ్నం 1:15)

అందరూ ఒకే వైపు వంగుతున్నారు కనుక అడ్డం పడతాను. సినిమా కిరాణా పద్దు కాదు. బియ్యం ఎవరివి, ఉప్పు ఎవరిది అని ప్రతి ప్రేక్షకుడూ అడగడు. చూపించకుండా వదిలేసే హక్కు కళాకారుడికి ఉండాలి. పెద్దాయన వచ్చి బియ్యం పెట్టి వెళ్లగానే ప్రేక్షకుడి జాలి అంతా ఆయన మీదికి మళ్లుతుంది, సాధకుడు స్వార్థపరుడిగా మిగిలిపోతాడు. అప్పుడది ఆధ్యాత్మిక అన్వేషణ మీద సినిమా కాదు, అన్వేషకుల మీద అభియోగపత్రం.

మా ఇంట్లో ఈస్టరుకు ముందు వచ్చే శ్రమదినాల నలభై రోజులూ అమ్మమ్మ ఒంటిపూట ఉపవాసం ఉండి, సాయంత్రాలు గదిలో ఒంటరిగా ప్రార్థన చేసుకునేది. యేసు ప్రభువు నలభై దినాలు అరణ్యంలో ఉన్న ఘట్టం చదివేటప్పుడు అక్కడ వంట ఎవరు చేశారని ఎవరమూ అడగలేదు. తినలేదు కనుక ఆ ప్రశ్నే రాలేదు. మీ మనిషి చేత కూడా గంజి మాన్పించండి, గొడవ తీరిపోతుంది.

గౌతమితీరం (సోమవారం, సాయంత్రం 4:00)

దీపస్తంభం గారూ, అభియోగమని ఎందుకనుకోవాలి? మన సన్యాసికి మాధుకరం విధించారు. తేనెటీగ పువ్వు పువ్వుకూ పోయినట్టు నాలుగిళ్లకు పోయి నాలుగు ముద్దలు తెచ్చుకోవాలి. సర్వమూ విడిచినవాణ్ణి రోజుకొకసారి గృహస్థు గడప ముందు నిలబెట్టింది శాస్త్రమే. మా తరంలో పేద పిల్లలు వారాలు చేసుకుని చదువుకున్నారు. సోమవారం ఒకరింట, మంగళవారం ఒకరింట భోజనం. నేనూ రెండేళ్లు అలా తిన్నాను. చదువు నాదే, మార్కులు నావే, అన్నం ఏడు ఇళ్లది. ఆ ఏడు ఇళ్ల పేర్లు చెప్పినంత మాత్రాన నా చదువు చిన్నదైపోలేదు.

శబ్దగ్రాహి (సోమవారం, రాత్రి 9:25)

మోటారు మోతను లోపం అనుకున్నారు కదా, నేనైతే సినిమా మొత్తాన్ని దాని మీద నిలబెడతాను. నది జలజల తీసేశాక మిగిలిన నిశ్శబ్దంలో, దూరాన ఒక ఇంజను మొదలవుతుంది. మొదటిసారి అది సాధకుడికి చిరాకు. రెండోసారి అతను జపం లెక్క తప్పుతాడు. మూడోసారి, ఒప్పుకోకపోయినా, దాని కోసం చెవి పెట్టి ఉంటాడు. వరద పెరిగిన రోజున ఆ ఇంజను వేళకు రాదు. అతని ముఖం మీద కెమెరాను ఒక నిమిషం అలాగే ఉంచండి. కొబ్బరిపీచు గారు చెప్పిన మూడు హెచ్చరికలూ అవతలి గట్టు మైకులో వినిపించనివ్వండి. మీరు మాటలతో చెప్పలేకపోయిన భక్తి, భయం, ఎదురుచూపు అక్కడ దొరుకుతాయి. పడవ వస్తుందా రాదా అన్నది చూపించనక్కర్లేదు.

దీపస్తంభం (సోమవారం, రాత్రి 10:05)

ఇది మంచి ఆలోచన, ఒప్పుకుంటున్నాను. పైగా సాయంత్రం మత్తయి సువార్త తీసి చూస్తే, నలభై దినాల ఘట్టం చివర దేవదూతలు వచ్చి ఆయనకు పరిచర్య చేశారని స్పష్టంగా ఉంది. అమ్మమ్మ ఉంటే చెవి మెలిపెట్టేది.

ఇసుకతిన్నె (మంగళవారం, ఉదయం 7:40)

రాత్రంతా కూర్చుని ఆ నాలుగు నిమిషాలూ మళ్లీ చూశాను. రెండు రాకలు యథాతథంగా పనికొస్తాయి. మొదటి రాకలో మాత్రం మా మైకు గెడ నీడ పడింది, మళ్లీ తీయాలి. మల్లెపందిరి గారు చెప్పిన ఏడుపు కూడా తీయాలి. నటుడు గడ్డం తీసేశాడు, కనుక ఆ షాటు వీపు వైపు నుంచే. ఇప్పుడు కార్తీకం, నీరు తేటపడింది. మొదటి రాక ఎర్రనీటికి ముందు జరిగేదే కనుక రంగు సరిపోతుంది. పెద్దాయన ఒప్పుకుంటారో లేదో తెలియదు. తన షాట్లన్నీ కోసేశానని ఆయనకు ఇప్పటిదాకా చెప్పలేదు.

పంటురేవు (మంగళవారం, సాయంత్రం 5:30)

మా మేనమామది ఆ పక్క రేవే కనుక ఆయన ద్వారా మాట్లాడాను. పెద్దాయన వస్తానన్నారు. షాట్లు కోసేసిన సంగతి చెబితే నవ్వి, "ఆ కుర్రాడు అన్నం సరిగ్గా వండుకోవడం నేర్చుకున్నాడా లేదా" అని మాత్రం అడిగారట. గురువారం తెల్లవారుజామున నాలుగున్నరకల్లా రేవు దగ్గర ఉండండి, మంచు విడిచేలోగా దాటాలి. రెల్లు ఇప్పుడు లంక నిండా పూసి ఉంది, కెమెరా దక్షిణం వైపు తిప్పకండి. డీజిలు డబ్బులు ఆయన అడగరు, మీరే ఇవ్వండి.